వాడపల్లికి రెండు ముక్కలు

"మా మరిది కాశీరాంను ఊక షెడ్డుల పెట్టి తాళం ఏసిండ్రు తమ్మీ" అంది భూలి, గుమ్మం దాటకుండానే.

జవహర్ చెయ్యి పాజ్ బటన్ మీదే ఆగిపోయింది. టీవీని ఆపేయాలని తోచేసరికే ఆలస్యమైంది. భూలి చూసేసింది. తెర మీద తెల్ల కారు. కారు పక్కన తలకు ఎర్ర తువాలు చుట్టుకున్న మనిషి. పెళ్లికూతురి చీర కుచ్చిళ్లు తలుపులో పడకుండా ఒక చేత్తో అడ్డుపెట్టి, రెండో చేత్తో తలుపు పట్టుకుని ఉన్నాడు. బొమ్మ ఆగిపోయి సన్నగా వణుకుతోంది.

ఆ మనిషి ఆమె మొగుడు తావుర్యా.

"లోపలికి రా అక్కా. కూసో."

భూలి కూర్చోలేదు. చెప్పులు చేతిలోనే ఉన్నాయి. పాలకీడు దగ్గర తండా నుంచి పొద్దున్నే బయలుదేరి, బస్సులు మారి సూర్యాపేట చేరింది. పెద్దనాన్న కూతురు. జవహర్‌ను చంకనేసుకుని పెంచిన మనిషి. ఎప్పుడొచ్చినా రేగుపళ్లో జొన్నరొట్టెలో మూటగట్టుకుని వచ్చేది. ఇవాళ చేతిలో చెప్పులు తప్ప ఏమీ లేవు.

"నిన్న పొద్దుగాల మిల్లు జీపు తండాకొచ్చింది. మీ అన్న యాడున్నడో చెప్పమని కాశీరాంను ఎక్కించుకపోయిండ్రు. ఆ పోరనికేం తెలుసు? నాకే తెల్వదు. శుక్రవారం పొద్దుగాల దాక తావుర్యా రావాలె, లేకుంటే నేను పోయి కాలువ కింద మడి రాసిచ్చి ఏలిముద్ర పెట్టాలె. అప్పటిదాక పోరన్ని ఇడువరంట."

స్టూడియో యజమాని సత్యనారాయణ బయట గదిలో ఆల్బమ్‌కు ఫొటోలు అంటిస్తున్నాడు. అక్కడినుంచే అడిగాడు. "పోలీసోళ్లకు చెప్పలేదా భూలమ్మా?"

"పెద్దపటేలే వద్దన్నడు. కేసు పెడితె దొంగ పెండ్లాం అని పేరు పక్కా అయితది, నిన్ను సూసి ఊకుంటున్న అంటున్నడు. దయ సూపిస్తున్నడంట."

పెళ్లి జరిగి నెల కావస్తోంది. పెళ్లికొడుకు మిర్యాలగూడ రైసుమిల్లు వాళ్ల చిన్నబ్బాయి. అమ్మాయిది కోదాడ. తావుర్యా ఆ మిల్లులో డ్రైవరు. "సూర్యాపేటల మా బామ్మర్ది ఉన్నడు, మిక్సింగ్ చేస్తె సినిమా లెక్క ఉంటది" అని పెళ్లికొడుకు అన్న, పెద్దపటేలు ప్రతాపుతో చెప్పి ఈ పని ఇక్కడికి తెచ్చింది కూడా అతనే. కోదాడ నుంచి పెళ్లికూతుర్ని తీసుకొచ్చిన రాత్రి తెల్లారేసరికి తావుర్యా లేడు. అమ్మాయి హారం కూడా లేదన్నారు. రెండూ కలిపి చెప్పారు. విన్నవాళ్లు రెండూ కలిపే నమ్మారు.

"అది మల్ల నడిపియ్యి" అంది భూలి, తెర వైపు చూస్తూ.

జవహర్ టేపు వెనక్కి తిప్పి వదిలాడు. తావుర్యా తలుపు తీశాడు, కుచ్చిళ్లు సర్దాడు, తలుపు వేశాడు. వేసిన తలుపును అరచేత్తో ఒకసారి తట్టాడు, ఎద్దు వీపు తట్టినట్టు.

"బండెక్కిన ప్రతిసారి గట్లనే తడ్తడు" అంది భూలి. "గా తువాల నేనే ఉతికి ఇచ్చిన. దొంగతనానికి పొయ్యేటోడు పెండ్లాంతోటి తువాల ఉతికించుకుంటడా తమ్మీ?"

జవహర్ జవాబు చెప్పేలోగా బయట గదిలో గొంతు వినిపించింది. మిల్లు గుమాస్తా సైదయ్యది. జవహర్ లేచి భూలి భుజం పట్టుకుని నల్ల తెర వెనక్కి, ఖాళీ క్యాసెట్ల అట్టపెట్టెల మధ్య కూర్చోబెట్టాడు.

సైదయ్య లోపలికొచ్చి స్టూలు లాక్కున్నాడు. నీళ్లడిగి తాగాడు. తెర మీద తావుర్యా బొమ్మ చూసి మొహం పక్కకు తిప్పుకున్నాడు.

"అయిపోయిందా?"

"ఇంక బరాత్ ఉన్నది. టైటిల్ అయింది, సూస్తవా?"

జవహర్ టైటిల్ వేశాడు. నల్లటి తెర మీద ఒక వడ్లగింజ రాలింది. దాని పక్కన ఇంకొకటి. ఆ తర్వాత వాన కురిసినట్టు రాలి, రాలినవన్నీ కదులుతూ వచ్చి అక్షరాల్లా సర్దుకుని పెళ్లికొడుకు పేరు అయ్యాయి. ఒక్కొక్క గింజనూ జవహర్ టైటిల్ కంప్యూటర్ మీద గీసి, కొంచెం జరిపి, మళ్లీ గీసి, అలా కదిలించాడు. ఒకప్పుడు టాకీసులో ప్రకటనల స్లైడ్లు రాసిన చెయ్యి అది. దేవరకొండ నుంచి కూడా ఆ బొమ్మల కోసం మనుషులు వస్తారు.

"మంచిగున్నది" అన్నాడు సైదయ్య. ఆ మాటలో సంతోషం లేదు. "ఇగ పటేలు వాళ్ల అమ్మ కృష్ణమ్మ ఒక మాట చెప్పమన్నది. క్యాసెట్ల ఇద్దరు మనుషులు ఉండొద్దు. ఒకరు పెండ్లిపిల్ల తాత. పెండ్లైన వారానికే పోయిండు గద పాపం. పోయినోళ్లు శుభకార్యంల కనపడొద్దు అంటది అమ్మ."

"అది మామూలే" అన్నాడు సత్యనారాయణ, గుమ్మంలో నిలబడి. "మొన్న హాలియా క్యాసెట్ల మేనత్తను తీసేసినం. ఇంకొకరు ఎవరు?"

"తావుర్యా."

"దొంగను పెట్టుకుని ఎవరు సూస్తరు లే. తీసేస్తం."

సైదయ్య లేవలేదు. మోకాలి మీద లేని మట్టిని దులిపాడు. "తీసిన ముక్కలు గూడ కావాల్నంట. రెండూ. వాడపల్లిల, అస్థికలు కలిపినట్టు కృష్ణల కలపాలె అంటున్నది."

సత్యనారాయణ నవ్వాడు. "ముక్కలు యాడియి సైదయ్యా? ఇది కోసేది కాదు. గీ డబ్బల నుంచి గా డబ్బలకు వద్దన్నది ఇడిసిపెట్టి కాపీ చేసుడే. వడ్లు చెరిగినట్టు గాదు, పొట్టు మిగలటానికి."

"నేను గదే జెప్పిన. వద్దన్నది తీసినంక ఏదో ఒకటి మిగలాలె గద అన్నది. ఇగ నువ్వే పోయి చెప్పు, నాతోని గాదు."

"తావుర్యా ముక్క గూడ వాడపల్లికేనా?" అని అడిగాడు జవహర్.

సైదయ్య లేచి తువ్వాలు భుజాన వేసుకున్నాడు. "రెండూ అన్నది" అని బయటికి నడిచాడు. మెట్ల మీద ఒకసారి ఆగాడు. ఏదో చెప్పబోతున్నాడనిపించింది. దగ్గి, దిగి వెళ్లిపోయాడు.

"పాత టేపు ఏదన్న తెంపి ఇయ్యిరా" అన్నాడు సత్యనారాయణ. "గంగల కలిసేదానికి ఎవల పెండ్లైతేంది."

భూలి నల్ల తెర తప్పించుకుని బయటికొచ్చింది. కళ్లు పొడిగానే ఉన్నాయి. "ఆఖరికి బొమ్మ గూడ ఉంచరా?" అంది. ఆమెకు అవమానం ఒక్కటే అర్థమైంది.

"శుక్రవారం నేను మిల్లు కాడికి వస్త అక్కా. నేను వచ్చేదాక ఏలు ఎక్కడ పెట్టకు."

"నువ్వొచ్చి ఏం చేస్తవు?"

జవహర్ ఆమెను బస్టాండుకు తీసుకెళ్లాడు. బస్సు ఎక్కించి వచ్చి మళ్లీ మిక్సర్ ముందు కూర్చున్నాడు.

తాతను తీయడం సులభమే. రెండు చోట్ల కుర్చీలో కూర్చుని ఉన్నాడు, ఒకచోట అక్షింతలు వేస్తున్నాడు. తావుర్యా అలా కాదు. అన్నిచోట్లా ఉన్నాడు. పెట్రోమాక్స్ లైట్ల వెనక, వంటల దగ్గర, పెళ్లికొడుకు తల మీద గొడుగు పట్టుకుని, బరాత్‌లో పిల్లల మధ్య చేతులెత్తి ఆడుతూ. తీయగలిగినచోట తీశాడు. తీస్తే పెళ్లికొడుకు కూడా పోయేచోట తెర మూలన గులాబీ పువ్వు బొమ్మ పెట్టి, దాన్ని పెంచి, మొహం కప్పాడు. ఎడమవైపు టేపు నడిపి, చోటు రాగానే రెండు చేతులతో రెండు బటన్లు ఒక్కసారి వదలాలి. వేలు ఆలస్యమైతే పెళ్లికూతురు తల రెండుసార్లు వంచుతుంది. ఆ పూట పెళ్లికూతురు చాలాసార్లు రెండేసి సార్లు తల వంచింది.

ఎందుకో చేతికి పని రావడం లేదు. ఆడపడుచుతో గొడవైందని, బాకీ ఎగ్గొట్టాడని, మనుషుల్ని తీసెయ్యమని అడిగేవాళ్లు ఇదివరకూ వచ్చారు. వాళ్లెవరూ ముక్క కావాలనలేదు. నదిలో కలుపుతామనలేదు.

*

కోదాడలో పెళ్లికూతురి ఇల్లు ఎరువుల దుకాణం పైనే. ఆడపెళ్లివారు విడిగా పెట్టుకున్న కెమెరా క్యాసెట్ ఒకటి తీసుకోవాల్సి ఉంది. గురువారం ఆ పనిమీద వచ్చినట్టే వచ్చాడు జవహర్.

మెట్లెక్కగానే ఎదురుగోడ మీద తాత ఫొటో, కొత్త దండ. దాని కింద విజయలక్ష్మి కూర్చుని సూట్‌కేసులో బట్టలు సర్దుకుంటోంది. పెళ్లినాటి నగలు లేవు, గోళ్ల మీద గోరింటాకు మాత్రం ఇంకా వెలిసిపోలేదు. మర్నాడు భర్త వచ్చి మిర్యాలగూడ తీసుకెళ్తాడు.

"జవహర్ గారూ, రండి. మా తాతయ్యను తీసేస్తున్నారంట కదా" అంది, పలకరింపు పూర్తికాకముందే.

"అమ్మగారు చెప్పి పంపిండ్రు."

"నేను ఫోన్లో బతిమాలానండీ. నా చెయ్యి ఆయన చేతుల్లో పెట్టుకుని ఏడ్చింది ఆ ఒక్కచోటే ఉంది. అది కూడా లేకపోతే నాకు ఆయన గొంతు ఎక్కడుంటుంది? అత్తయ్య ఒప్పుకోలేదు. పోయినవాళ్లు శుభంలో తిరగకూడదు, దారి దొరకదు వాళ్లకి, అంటారు. నీళ్లలో కలిపితే వెళ్లిపోతారంట."

"మీకు వేరేగ ఒక క్యాసెట్ చేసిస్త. ఎవలకు చెప్పకుండ్రి."

ఆమె మొహం విప్పారింది. లోపలికి వెళ్లి తనే కాఫీ తెచ్చింది. గ్లాసు అందిస్తూ నవ్వింది.

"అత్తయ్య సంగతి వింతగా ఉంటుందండీ. మా పెదబావగారి తోడల్లుడికీ వీళ్లకీ మాటల్లేవు. పెళ్లికొచ్చి తాగి గొడవ చేశాడు. అతన్ని తీయించేద్దాం అత్తయ్యా అన్నాను. చెవులు మూసుకున్నారు. బతికున్న మనిషిని శుభకార్యంలోంచి తీసెయ్యకూడదంట. తీస్తే ఆయుష్షు తగ్గిపోతుందంట. శత్రువునైనా సరే తీయించను, ఆ పాపం నా పిల్లలకి తగులుతుంది అన్నారు. తాగి తూలుతున్నవాణ్ని అలాగే ఉంచారు. పోయిన తాతయ్యను మాత్రం..."

జవహర్ గ్లాసు కింద పెట్టాడు.

"ఎప్పుడన్నరు ఆ మాట?"

"మొన్ననే. తాతయ్య సంగతి చెప్పినప్పుడే. ఏం?"

కింద దుకాణంలో ఎవరో యూరియా బస్తాలు దించుతున్నారు. బస్తా పడినప్పుడల్లా గచ్చు అదురుతోంది.

"అమ్మగారు ఇద్దర్ని తీయమన్నరమ్మా. తాతగారిని ఒకరిని. ఇంకొక మనిషిని. ఆయన ముక్క గూడ వాడపల్లిల కలుపుతరంట."

"ఇంకెవరు పోయారు మా వాళ్లలో?"

"తావుర్యా. డ్రైవరు."

"ఆయన పోలేదు కదా, హారం తీసుకుని..." అని మొదలుపెట్టి విజయలక్ష్మి ఆగిపోయింది. చేతిలో మడతపెడుతున్న చీర సగం మడతలోనే ఉండిపోయింది. ఆమె జవహర్ వైపు చూసింది. తర్వాత గోడ మీద ఫొటో వైపు చూసింది. ఇద్దరిలో ఎవరూ ఆ మాట పూర్తి చేయలేదు.

ఆమే అడిగింది. "ఆయన మీకేమవుతారు?"

"బావ అయితడు. మా అక్క మొగుడు. రేపు మిల్లు కాడ మా అక్కతోటి ఏలిముద్ర పెట్టించుకుంటరు. ఆయన తమ్మున్ని ఊక షెడ్డుల పెట్టిండ్రు."

"నాకు ఎవరూ చెప్పలేదండీ."

"ఎందుకు చెప్తరమ్మా."

ఆమె చీర మడత పూర్తిచేసి సూట్‌కేసులో పెట్టింది. మళ్లీ తీసి మళ్లీ పెట్టింది. క్యాసెట్ తెచ్చి ఇచ్చింది. "నేను ఆ ఇంట్లో బతకాలి జవహర్ గారూ" అంది మెల్లగా. బతిమాలుతోందో, క్షమించమంటోందో అతనికి తెలియలేదు.

సూర్యాపేట బస్సులో జవహర్‌కు కిటికీ పక్క సీటు దొరికింది. మునగాల దాటేదాకా బయటికి చూస్తూ కూర్చున్నాడు, ఏమీ కనిపించలేదు. పెళ్లికొడుకు తల్లి కృష్ణమ్మకు తెలుసు. తావుర్యా చచ్చిపోయాడని ఆమెకు తెలుసు. తెలిసే తీయమంది. దొంగ అని తీయించేదైతే ముక్క అడగదు. పారిపోయిన మనిషైతే తీయనే తీయించదు. ఇల్లంతా ఒక్కటై దాచిన సంగతిని ఆ ముసలమ్మ నోటితో చెప్పలేదు. ఆమె భయభక్తులే చెప్పేశాయి, ఆమెకు తెలియకుండా.

కానీ ఇది ఎవరికి చూపించగలడు? క్యాసెట్‌లో ఏముంది? తలుపు తీస్తున్న మనిషి, గొడుగు పట్టిన మనిషి. పోలీసుల ముందుకెళ్లి, ఒక ముసలమ్మ నమ్మకాన్ని ఏమని రాయించాలి?

భూలికి ఎలా చెప్పాలి?

*

"పిచ్చి పట్టిందారా నీకు?" అన్నాడు సత్యనారాయణ.

కెమెరా నుంచి వచ్చిన అసలు క్యాసెట్ బల్ల మీద బోర్లా పడి ఉంది. జవహర్ చిన్న స్క్రూడ్రైవర్‌తో మరలు విప్పి, పై డొప్ప ఎత్తి పక్కన పెట్టాడు. లోపల రెండు చక్రాలు, మధ్యలో టేపు.

"కాపీ చేసి పెట్టుకున్న అన్నా. పెండ్లిపిల్లకు వేరేగ కూడ చేసిన."

"గది కాదు. ముసలమ్మకు ఏ చెత్త టేపు ఇచ్చినా నడుస్తది. అసలుదాన్ని తెంపుడేంది?"

"నిజమైన ముక్క అడిగింది. నిజమైందే ఇస్త."

మిషన్‌లో ఆపి, ఆగిన చోట టేపు అంచున స్కెచ్ పెన్నుతో ముందే గీత పెట్టుకుని ఉన్నాడు. మళ్లీ నడిపి, చివర్లో ఇంకో గీత. టాకీసులో పనిచేసినప్పుడు తెగిన ఫిల్మ్ అతికించేవాడు. ఫిల్మ్ అయితే బల్బు ముందు పట్టుకుంటే మనిషి కనిపిస్తాడు, చెయ్యి ఎత్తుతున్నాడో దించుతున్నాడో తెలుస్తుంది. ఈ టేపులో ఏమీ కనపడదు. నున్నటి గోధుమరంగు పట్టీ. తాత ముక్కా అంతే, తావుర్యా ముక్కా అంతే. కత్తెర వేసి, మిగిలిన కొసలు రెండూ దగ్గరికి చేర్చి, వెనకవైపు సన్నగా అంటు వేసి, గోటితో రుద్దాడు.

కారు తలుపు తట్టిన చోటు. అదే కోశాడు తావుర్యాకు.

రెండు ముక్కలనూ రెండు ఖాళీ అగ్గిపెట్టెల్లో చుట్టి పెట్టాడు. ఒకదాని మీద తాత అని, రెండోదాని మీద బావ పేరు రాశాడు. సత్యనారాయణ అంతా చూస్తూ నిలబడ్డాడు. జవహర్ జరిగింది చెప్పాడు. సత్యనారాయణ కుర్చీలో కూలబడి, మిల్లు పని తెచ్చిపెట్టే పెళ్లిళ్లన్నీ మనసులో లెక్కవేసుకుంటున్నట్టు కాసేపు గోడ వైపు చూశాడు.

"రేపు నేను రాను" అన్నాడు చివరికి. "నువ్వు పో. స్టూడియో పేరు చెప్పకు. స్కూటర్ తీస్కపో."

*

శుక్రవారం పొద్దున మిల్లు నడుస్తోంది. ఆవరణంతా సిమెంటు కళ్లం. ఉడకబెట్టిన వడ్లు పలచగా పరిచి, ఆడవాళ్లు కాళ్లతో చాళ్లు చేస్తున్నారు. ఆవిరి వాసన. కళ్లం అవతల పొయ్యి బూడిద నల్లటి గుట్టలా పెరిగి ఉంది, దాని మీద ఒక పక్క కొత్తగా పోసిన బూడిద తడిగా మెరుస్తోంది.

ఇల్లు మిల్లు ఆవరణలోనే. వరండాలో ప్రతాపు కుర్చీ వేసుకుని కూర్చున్నాడు, పక్కన స్టూలు మీద స్టాంపు కాగితం, సిరా డబ్బీ. కింద మెట్టు మీద భూలి. ఆమె పక్కన కాశీరాం, తలనిండా ఊక, కళ్లు ఎర్రగా వాచి, ఆగకుండా దగ్గుతున్నాడు. సైదయ్య స్తంభానికి ఆనుకుని నేలచూపులు చూస్తున్నాడు.

"నీ మంచికే చెప్తున్న భూలీ" అంటున్నాడు ప్రతాపు. గొంతులో కోపం లేదు, అలసట ఉంది. "వాడు ఎన్నడన్న వస్తే మడి మల్ల రాసిస్త. నేను తినేటోణ్నా నీ మడి? ఇంట్ల కొత్త కోడలు, ఆమె నగ. ఏం సమాధానం చెప్పుకోవాలె మేము?"

"వాడు రాడని తెలిసినట్టు మాట్లాడ్తవేంది పటేలా" అంది భూలి.

ప్రతాపు కాగితం సర్దాడు. సిరా డబ్బీ మూత తీశాడు.

జవహర్ స్కూటర్ గేటు దగ్గరే ఆపి నడిచొచ్చాడు. అదే సమయానికి కోదాడ కారు వెనకే వచ్చి ఆగింది. పెళ్లికొడుకు సామాను దించుతుంటే విజయలక్ష్మి దిగి వరండా ఎక్కింది. లోపలికి వెళ్లలేదు. గుమ్మం పక్కనే నిలబడింది.

"ఏందిరా, క్యాసెట్ అయిందా? సైదయ్యకియ్యి" అన్నాడు ప్రతాపు.

"అయింది పటేలా. అమ్మగారు కొన్ని అడిగిండ్రు. ఆమె చేతికే ఇయ్యాలె."

లోపలినుంచి కృష్ణమ్మ వచ్చింది. తెల్లచీర, ఎండిన మనిషి. భర్త పోయాక ఏ పెళ్లిలోనూ ముందు వరుసలో నిలబడలేదు. చిన్నకొడుకు పెళ్లిలోనూ కెమెరా తనవైపు తిరిగినప్పుడల్లా పక్కకు జరిగింది. జవహర్‌కు క్యాసెట్ అంతా తెలుసు కనుక ఆ సంగతీ తెలుసు.

అతను జేబులోంచి రెండు అగ్గిపెట్టెలు తీసి చాచిన చేతుల మీద పెట్టుకున్నాడు.

"ఇది తాతగారిది అమ్మా. ఇది తావుర్యాది. నిజమైన టేపే కోసిన. పాతది ఇయ్యలేదు."

"ఏం ముక్కలు?" అన్నాడు ప్రతాపు. తల్లి వైపు తిరిగాడు. "ఎవరడిగిండ్రు? అమ్మా, ఏంది ఇది?"

కృష్ణమ్మ వినిపించుకోలేదు. కొంగు పరిచి పట్టింది. మొదటి పెట్టె కొంగులో వేసుకుంది. రెండోదాన్ని రెండు చేతులతో అందుకుంది. దాన్ని తీసుకుని కళ్లకద్దుకుంది. అలా అద్దుకున్న చేతులు వెంటనే దిగలేదు.

మెట్టు మీద భూలి లేచి నిలబడింది.

"అమ్మా" అంది. "గది నా మొగని ముక్కనే గదా. దొంగోని ముక్కను కండ్లకద్దుకుంటవేంది?"

"లోపలికి నడు అమ్మా" అన్నాడు ప్రతాపు. కుర్చీ వెనక్కి జరిగి గోడకు తగిలింది.

"అత్తయ్యా." విజయలక్ష్మి గొంతు సన్నగా, అందరికీ వినపడేంత స్పష్టంగా ఉంది. గుమ్మం చెక్కను ఒక చేత్తో పట్టుకుని ఉంది. "బతికున్న మనిషిని తీయిస్తే ఆయుష్షు తగ్గుతుందన్నారు. శత్రువునైనా తీయించనన్నారు. మరి ఈయన్ని తీయించారేంటి?"

"నీకెందుకమ్మా ఇయ్యన్నీ, కొత్తగా వచ్చినదానివి" అన్నాడు ప్రతాపు.

"కొత్తగా వచ్చాను కాబట్టే అడుగుతున్నాను బావగారూ. నా హారం పేరు చెప్పి కదా ఆయన తమ్ముణ్ని షెడ్డులో పెట్టారు." ఆమె అత్తవైపే చూస్తోంది. "ఆయన బతికున్నారా అత్తయ్యా?"

కళ్లంలో ఆడవాళ్లు చాళ్లు చేయడం ఆపేశారు. సైదయ్య స్తంభం వెంబడి మెల్లగా కిందికి జారి కూర్చుని తల మోకాళ్లలో పెట్టుకున్నాడు.

కృష్ణమ్మ భూలి వైపు చూసింది. భూలి కూడా ఆమెనే చూస్తోంది. ఏడవడం లేదు. నెలరోజులుగా వాకిట్లో ఏ అడుగు చప్పుడైనా లేచి చూసిన మనిషి, ఇక లేవక్కర్లేదేమో అన్న భయంతో చూస్తున్నట్టు చూస్తోంది.

"హారం నా సందుగ పెట్టెల ఉన్నది" అంది కృష్ణమ్మ.

"అమ్మా" అన్నాడు ప్రతాపు.

"ఉండు బిడ్డా. ఇన్ని దినాలు ఊకున్న. అన్నం పోతలేదు." ఆమె మెట్టు దిగింది. ఇంకో మెట్టు దిగి భూలికి ఎదురుగా నిలబడింది. "పెండ్లి పనికి తిరిగి తిరిగి నీ మొగడు గీ కళ్లంలనే పండుకున్నడు. వడ్ల మీద బరకం కప్పుకుని. జీపు వేగంగ వచ్చింది. తాగి ఉన్నడు తోలినోడు. లైట్లు గూడ ఏసుకోలే. బరకం కింద మనిషున్నడని సూడలే. నేను బయటికొచ్చేసరికి... ఒక్క మాట గూడ మాట్లాడలే భూలీ. నీళ్లు పోసిన. తాగలే."

కాశీరాం దగ్గు ఆగిపోయింది.

"దవాఖానకు తీస్కపోదామన్న. పోయినోణ్ని ఏం తీస్కపోతవన్నడు. పెండ్లింట్ల పోలీసోళ్లు వస్తరన్నడు. గా బూడిద గుట్ట కింద పెట్టిండ్రు. దినం వారం లేదు. నిప్పు లేదు, నీళ్లు లేవు. నేను దినాం గా కిటికీల కెళ్లి సూస్తనే ఉన్న. క్యాసెట్ల ముక్కనన్న గంగల కలిపితె ఆ మనిషికి దారి దొరుకుతదనుకున్న."

జవహర్ భూలి వెనక్కి వచ్చి నిలబడ్డాడు. పట్టుకోలేదు. ఆమె ఎక్కడా తూలడం లేదు. కళ్లం అవతల నల్లటి గుట్ట వైపు ఒకసారి చూసి, మళ్లీ ముసలమ్మ వైపు తిరిగింది.

"తోలింది ఎవరు?"

కృష్ణమ్మ చూపు దించుకుంది.

"గింత చెప్పినవు. జీపు అన్నవు, తోలినోడు అన్నవు. వానికి పేరు లేదా అమ్మా? నా మొగనికి నెలదినాలు దొంగ అని పేరు పెట్టి పిలిసిండ్రు మీరందరు. తండాల పిల్లలు గూడ పిలిసిండ్రు. ఇప్పుడు నువ్వు పేరు పెట్టి చెప్పు. గీళ్లందరు ఇనాలె."

ప్రతాపు వరండా అంచుదాకా వచ్చాడు. "అమ్మా" అన్నాడు మళ్లీ. పటేలు గొంతు కాదు అది. చిన్నప్పుడు జ్వరంలో పిలిచిన గొంతు.

కృష్ణమ్మ వెనక్కి తిరిగి అతన్ని చూసింది. కొంగులో రెండు పెట్టెలనూ ముడివేసి, ముడి గట్టిగా బిగించింది. తర్వాత భూలి వైపు తిరిగి, కళ్లంలో నిలబడ్డ ఆడవాళ్లకు కూడా వినపడేలా చెప్పింది.

"నా పెద్దకొడుకు. ప్రతాపు."